గడ్డం వెనక గొంతు

వెండెలీన్ స్కోపల్ అరవై మూడు సినిమాల్లో నటించాడు. ఈ లెక్క అతనే చెప్పాలి. సినిమాలు చూసినవాళ్ళకు తెలిసే అవకాశం లేదు. రెండో పోలీసు, మూడో రైతు, తలుపు తీసే నౌకరు, బీరు గ్లాసులు బల్లమీద పెట్టి వెళ్ళిపోయే వెయిటరు, ఉత్తరం అందించి టోపీ ఎత్తే పోస్టుమాను. ఇరవై రెండేళ్ళలో అతను తొడగని యూనిఫారం లేదు, సైన్యాధిపతిది తప్ప. సైన్యాధిపతి అయితే మాట్లాడాల్సి వస్తుంది.

అతని మొహం మరీ వికారంగా ఉండేది కాదు. వికారమైనా కొంత నయమే, ఎవరికైనా గుర్తుండేది. కడిగి ఆరబెట్టిన పళ్ళెంలా ఉండేది. దాని మీద ఏ మీసం అతికించినా నప్పేది, తీసేస్తే కింద ఏమీ మిగిలేది కాదు.

అతని భార్య బ్లజెనా ప్రాగ్‌లో కొండ మీదున్న స్టూడియోలో ఎడిటింగ్ గదిలో పని చేసేది. పెళ్ళికి ముందే ఆమె అతన్ని చాలాసార్లు కత్తిరించింది. ఒకరోజు అతను ఆ గది గుమ్మంలో నిలబడి, టోపీ చేతుల్లో తిప్పుతూ, "కామ్రేడ్, ఆ గుర్రపు సంతలో నా ముక్క ఉంచారా?" అని అడిగాడు. ఆ ముక్క అప్పటికి ఆమె కాళ్ళ దగ్గర బుట్టలో పడి ఉంది. జాలిపడి, బుట్టలోంచి తీసి, ఒక గుర్రం తోకకూ ఇంకో గుర్రం తలకూ మధ్య అతన్ని మూడు సెకన్లు అతికించింది. దాన్ని అతను ప్రేమ అనుకున్నాడు. అప్పట్లో ఆమె కూడా అలాగే అనుకుంది.

అతనికి జీవితంలో ఒకే ఒక్క కోరిక ఉండేది. ముఖ్యమైన నటుల పేర్లు తెర మీద ఒక్కొక్కటే వస్తాయి. మిగతావాళ్ళంతా చివర్లో, "ఇంకా నటించినవారు" అనే మాట కింద గుంపుగా వస్తారు, అక్షరక్రమంలో. స్కోపల్ పేరు వరసలో బాగా కిందికి పడేది. ఆదివారం మధ్యాహ్నం ఆటకు బావమరిది కుటుంబాన్ని వెంటబెట్టుకుని తీసుకెళ్ళి, ఆ గుంపు వచ్చే క్షణానికి మోచేత్తో పొడిచేవాడు.

"ఇదిగో, ఇప్పుడు చూడు, చూడు!"

"ఎక్కడ బావా?"

"కింద, కుడివైపు... ప్చ్. అయిపోయింది."

"మళ్ళీ వేస్తారా?"

"మళ్ళీ ఎందుకు వేస్తారు? నువ్వు చాక్లెట్ కాగితం విప్పుకుంటూ కూర్చో."

తన పేరు తెర మీద ఒంటరిగా, అటూ ఇటూ ఇంకో పేరు లేకుండా పడాలి. వీధిలో జనం దాన్ని బట్టి తనను గుర్తుపట్టాలి. అంతే. ఆ కోరిక చిన్నదేనని బ్లజెనా చాలా ఏళ్ళు సర్దిచెప్పుకుంది.

అతనితో కలిసి పెరిగిన లుబోర్ హంజల్‌కు ఇదంతా అడక్కుండానే వచ్చింది. ఇద్దరూ యుద్ధం అయిన కొత్తలో ఒకే నాటక కంపెనీ బండిలో ఊళ్ళు తిరిగారు, ఒకే దుప్పటి కప్పుకున్నారు. హంజల్ తాటిచెట్టంత మనిషి, గొంతు లోతైన బావిలోంచి వచ్చినట్టుండేది. ఏ దర్శకుడు పిలిచినా, "మా స్కోపల్‌కి కూడా ఏదో ఒకటి చూడండి" అని ఒక మాట వేసేవాడు. అరవై మూడింటిలో నలభై దాకా అలా వచ్చినవే. స్కోపల్ ఆ నలభై గురించి మాట్లాడేటప్పుడు, "దర్శకుడికి నా అవసరం పడింది" అనేవాడు.

జిజ్కోవ్ పేటలో వాళ్ళు కూర్చునే బీరు కొట్లో వెయిటరు హుబాచెక్ హంజల్‌ని "మాస్టారూ" అని పిలిచేవాడు. ఆ పిలుపు ఎవరూ అడిగి పుచ్చుకునేది కాదు. పెద్ద నటుడికీ పెద్ద వాయిద్యగాడికీ జనమే ఇస్తారు.

"మాస్టారూ, ఇవాళ గులాష్ బావుంది, మీకోసం పిండి ఉండలు విడిగా తీసిపెట్టాను. స్కోపల్ గారూ, మీరు కొంచెం కాళ్ళు లోపలికి తీసుకోండి, తట్టుకుని పడేలా ఉన్నాను."

"నాకూ గులాషే," అనేవాడు స్కోపల్.

"అయిపోయిందండీ."

1968 ఆగస్టులో, రష్యా ట్యాంకులు వీధుల్లోకి వచ్చిన వారంలో, వాటిని ఎదిరిస్తూ రేడియోలో వినిపించిన గొంతుల్లో హంజల్‌ది ఒకటి. రెండు మూడు రోజులు దేశమంతా ఆ గొంతు పట్టుకుని కూర్చుంది. ఆ తర్వాత రెండేళ్ళకు పార్టీవాళ్ళు పిలిచి, నేను చేసింది పొరపాటు అని ఒక కాగితం రాసివ్వమన్నారు. చాలామంది రాసిచ్చారు. స్కోపల్‌ని ఎవరూ అడగనేలేదు. అడగకపోయినా వెళ్ళి, తాను ఆ వారమంతా అత్తగారి ఊళ్ళో బంగాళాదుంపలు తవ్వుతున్నానని రాసిచ్చి వచ్చాడు. హంజల్ మాత్రం రాయనన్నాడు. దాంతో అతన్ని నటించనివ్వకూడదన్నారు.

అప్పటికి అతను మిల్లు యజమానిగా వేసిన సినిమా షూటింగ్ పూర్తయింది. ఏటిగట్టున నీటిచక్రంతో తిరిగే ఒక పిండిమిల్లు, కొడుకుని ఆ నీళ్ళలోనే పోగొట్టుకున్న ముసలి యజమాని. ప్రతి సీన్‌లోనూ అతనే. పారేయడానికి వీల్లేదు, ప్రభుత్వ ప్రణాళికలో చేరిపోయిన సినిమా. స్టూడియోలో ఇలాంటివి చక్కబెట్టడానికి విట్లాచిల్ అనే పెద్దమనిషి ఉండేవాడు. సినిమా రెండుసార్లు చూసి తేల్చాడు: "మొహానికి గుండెల దాకా గడ్డం ఉంది. మొహంతో చిక్కు లేదు. జనానికి తెలిసింది గొంతు. గొంతు తీసెయ్యండి, పేరు తీసెయ్యండి."

ఒకరి పెదవులకు ఇంకొకరి గొంతు పెట్టడం ఆ స్టూడియోలో రోజూ జరిగే పనే. విట్లాచిల్ గొంతు వెతుక్కుంటూ కిందికి, కిందికి వచ్చి, చివరికి స్కోపల్ దగ్గర ఆగాడు.

ఆ సాయంత్రం స్కోపల్ ఇంటికొచ్చి, కోటు కూడా విప్పకుండా వంటగదిలో నిలబడ్డాడు.

"బ్లజెనా, కూర్చో."

"ఉల్లిపాయలు మాడతాయి. చెప్పు."

"మిల్లు సినిమా. ముఖ్యపాత్ర. నేనే."

ఆమె మంట తగ్గించింది. సంగతి ఆమెకు మధ్యాహ్నమే తెలుసు. హంజల్ గొంతు ఉన్న టేపంతా తీసి పక్కన పెట్టమని ఆమెకే చెప్పారు.

"ముఖ్యపాత్ర లుబోర్ వేశాడుగా వెండా."

"సగం వేశాడు. మిగతా సగం నాది. అసలు మనిషంటే గొంతే కదా."

"ఎవరన్నారు ఆ మాట?"

"విట్లాచిల్."

"లుబోర్‌కి చెప్పావా?"

"చెబుతాను. నేను కాకపోతే ఇంకొకడు చేస్తాడు. ఎవడో ముక్కూమొహం తెలియనివాడు చేసేకంటే, స్నేహితుణ్ణి, నేను చెయ్యడం నయం కాదూ?"

దారంతా ఆ మాటలే పేర్చుకుంటూ వచ్చి ఉంటాడు. పేర్చిన చోట అతుకులు కనిపిస్తున్నాయి. బ్లజెనా ఉల్లిపాయలు కలిపింది. తర్వాత అతను గొంతు తగ్గించి, అసలు సంగతి చెప్పాడు.

"నేనొక షరతు పెట్టాను."

ఒక్క క్షణం, గరిటె చేతిలో ఉండగా, ఆమెకు ఆశ లాంటిది కలిగింది.

"నా పేరు విడిగా వెయ్యమన్నాను. తెర మీద ఒక్కటే. ఒప్పుకున్నాడు. అక్కడ ఎలాగూ ఏదో ఒక పేరు కావాలిగా అన్నాడు."

ఆమె మళ్ళీ పొయ్యి వైపు తిరిగింది.

డబ్బింగ్ గదిలో పని ఇలా ఉంటుంది: ఒక్కొక్క వాక్యం ఉన్న ఫిల్మును కత్తిరించి, తలా తోకా కలిపి చుట్టగా అతికిస్తారు. అది ఆగకుండా తిరుగుతూ ఉంటుంది. అదే మొహం, అదే మాట, మళ్ళీ మళ్ళీ. పెదవులు ఎప్పుడు విచ్చుకుంటాయో చూసి, ఆ క్షణానికి నోరు తెరవాలి. చుట్టలు కట్టింది బ్లజెనాయే. స్కోపల్ పాతిక సంవత్సరాలుగా ఆ మొహం పక్కన తిరిగినవాడు. అయినా తెర మీది ఆ మొహం ఎప్పుడు ఊపిరి పీల్చుకుంటుందో అతనికి అంతుపట్టలేదు. ప్రతిసారీ ముందు పడేవాడు, లేకపోతే పెదవులు మూసుకున్నాక కూడా మాట్లాడేవాడు. అన్నిటికంటే హీనం, హంజల్ ఊరుకున్న చోట ఊరుకోలేకపోవడం. మూసి ఉన్న నోరు కనిపిస్తే అందులో ఏదో ఒకటి పెట్టకుండా ఉండలేడు. "ఊఁ" అనేవాడు, "హుఁ" అనేవాడు, నిట్టూర్చేవాడు.

"అక్కడ ఏం లేదండీ," అనేవాడు సౌండు ఇంజనీరు, విసుగు దాచుకోకుండా. "నోరు మూసే ఉంది."

"లోపల బాధపడుతున్నాడుగా."

"పడనివ్వండి. ఆయన్ని చూసుకోనివ్వండి. మీరు మూసుకోండి."

ఒక వాక్యం దగ్గర మూడు రోజులు పట్టింది. ముసలాయన మిల్లు చక్రం మోతలో నిలబడి, కొడుకు గొంతు విన్నాననుకుని అంటాడు: "చక్రం ఆపండి. ఎవరో పిలుస్తున్నారు." రెండు మాటల మధ్య హంజల్ ఒకచోట ఆగాడు. ఎంతసేపు ఆగాడన్నది ఫిల్ము మీద కొలవచ్చు, బ్లజెనా కొలిచింది కూడా. కానీ ఆ ఆగడంలో ఏముందో స్కోపల్‌కి చిక్కలేదు. అతను చెబితే ఎవరో తలుపు దగ్గర కరెంటు మనిషి వచ్చి పిలుస్తున్నట్టు ఉండేది.

ఆ శనివారం హంజల్ స్కోపల్ ఇంటికి వచ్చాడు. అప్పటికే ఇళ్ళ వెంట తిరిగి నీటి మీటర్లు చూసే పనిలో చేరాడు. చేతిలో పుట్టగొడుగుల బుట్ట. తెల్లవారుజామునే అడవికి వెళ్ళి ఏరుకొచ్చాడు.

"బ్లజెనా, బేసిను పట్టు. పురుగులున్నవి ముందే తీసేశాను." కూర్చుని, జేబులోంచి చాకు తీశాడు. "విన్నానోయ్ వెండా. నువ్వేనటగా."

స్కోపల్ మెడ ఎర్రబడింది. "నేనే వచ్చి చెబుదామనుకున్నాను లుబోర్. వాళ్ళు అడిగితే..."

"సర్లే. ఎవడో ఒకడు చెయ్యాలి. నువ్వయితే కనీసం నేనెక్కడ ఊపిరి తీస్తానో తెలిసినవాడివి."

ఆ మాటలో వెటకారం ఉందేమోనని బ్లజెనా వెతికింది. దొరకలేదు. హంజల్ పుట్టగొడుగు కాడ గీకుతూ కూర్చున్నాడు, అది తప్ప లోకంలో పని లేనట్టు. మొగుడు సిగ్గుపడతాడని, ఒక్క మాటైనా సరైనది మాట్లాడతాడని ఆమె ఎదురుచూసింది.

స్కోపల్ కుర్చీ దగ్గరికి లాక్కున్నాడు.

"అదే లుబోర్, ఊపిరి సంగతే. ఒకచోట నాకు పడటం లేదు. చక్రం ఆపండి అనేదగ్గర. నువ్వు ఒక్కసారి చెప్పవూ?"

బ్లజెనా చేతిలో బేసిను అలాగే ఉండిపోయింది. "వెండా," అంది.

"ఏం? అడిగితే తప్పేముంది? పని బాగా వస్తే అందరికీ మంచిదే."

హంజల్ స్నేహితుడి వంక కాసేపు చూశాడు. చాకు బల్లమీద పెట్టలేదు. తలొంచుకుని, పుట్టగొడుగు చేతిలో ఉండగానే అన్నాడు:

"చక్రం ఆపండి." వంటగదిలో ఏ మోతా లేదు, అయినా ఏదో ఆగినట్టయింది. "ఎవరో పిలుస్తున్నారు."

"మళ్ళీ," అన్నాడు స్కోపల్.

హంజల్ మళ్ళీ చెప్పాడు.

"ఆ మధ్యలో నువ్వు ఏం లెక్కపెడతావు? రెండా, మూడా?"

"లెక్కపెట్టను."

"మరేం చేస్తావు?"

"వింటాను," అన్నాడు హంజల్. మూడోసారి చెప్పమన్నా చెప్పాడు. స్కోపల్ పెదవులు కదుపుతూ, బల్లకింద వేళ్ళతో లెక్కపెట్టుకున్నాడు.

హంజల్ వెళ్ళాక ఆ పుట్టగొడుగులతో బ్లజెనా కూర చేసింది. స్కోపల్ రెండుసార్లు వడ్డించుకున్నాడు. "మంచివాడు లుబోర్," అన్నాడు, రొట్టెతో పళ్ళెం తుడుచుకుంటూ. "కొంచెం తెలివి తక్కువ. ఒక్క కాగితం రాసిచ్చేస్తే పోయేది."

సోమవారం ఆ వాక్యం ఒక్క దెబ్బకే కుదిరింది. సౌండు ఇంజనీరు తల ఎత్తి చూశాడు. బ్లజెనా హంజల్ టేపును డబ్బాలో పెట్టి, పైన నంబరు వేసి, కిందికి పంపించింది. కింద ఆ టేపుల్ని చెరిపేస్తారని ఆమెకు తెలుసు. ఒక్క ముక్కయినా చేతిసంచిలో వేసుకుని ఉండవచ్చు. వేసుకోలేదు. ఆమె పని ఎప్పుడూ శుభ్రంగా ఉంటుందని పేరు.

సినిమా వసంతంలో విడుదలయింది. నల్లటి తెర మీద తెల్లటి అక్షరాలతో వెండెలీన్ స్కోపల్ అనే పేరు ఒంటరిగా పడి, నాలుగు సెకన్లు నిలిచింది. ప్రాగ్‌లో ఎవరూ ఏమీ అనలేదు. నటులు అతన్ని చూసి వాతావరణం గురించి మాట్లాడారు. బీరు కొట్లో హుబాచెక్ కాళ్ళు తీయమని కూడా అనడం మానేసి, చుట్టూ తిరిగి వెళ్ళడం మొదలుపెట్టాడు. స్కోపల్ దీన్ని అసూయ అన్నాడు. రాజధానివాళ్ళు ఇంతేనని, నిజమైన ప్రేక్షకులు జిల్లాల్లో ఉంటారని అన్నాడు.

జూన్‌లో జిల్లా నుంచే ఆహ్వానం వచ్చింది. మొరావియాలో ఒక నేతమిల్లుల ఊరు. కార్మికుల సినిమా వారోత్సవం. సినిమా అయ్యాక నటుడితో ముచ్చట. స్కోపల్ కొత్త టై కట్టుకున్నాడు. బ్లజెనాని రమ్మని బతిమాలాడు. ఆమె ఎందుకు వెళ్ళిందో ఆమెకే సరిగ్గా తెలియదు. ఇంతకాలం కత్తిరించిన మనిషి పూర్తిగా ఎలా ఉంటాడో చూద్దామనుకుందేమో.

మధ్యాహ్నం షిఫ్టు దిగిన ఆడవాళ్ళతో హాలు నిండింది. జుట్టు మీద ఇంకా నూలు పీచు. సినిమా చూస్తూ ఏడ్చారు, చక్రం ఆపమన్న చోట మరీ ఏడ్చారు. దీపాలు వెలిగాయి. నిర్వాహకురాలు, లావుపాటి కామ్రేడ్ మరెచ్కోవా, కాగితం చూసి చదివింది: "మన మిల్లు యజమాని, కామ్రేడ్ వెండెలీన్ స్కోపల్!"

చప్పట్లు పెద్దగా మొదలయ్యాయి. స్కోపల్ తెర పక్కనుంచి నడిచొచ్చాడు. చప్పట్లు పలచబడి, వెనక వరసల్లో మాత్రం కాసేపు కొనసాగి, ఆగిపోయాయి.

"ఈయనెవరు?" అంది ముందు వరసలో ఒకావిడ.

"స్కోపల్ గారు," అంది మరెచ్కోవా.

"అది కాదమ్మా, మిల్లాయన ఏరీ?"

"వీరే."

"ఊరుకోండి! ఆయన ఇంత మనిషి. గుమ్మంలోంచి వంగి వచ్చాడు. ఈయన ఆ గుమ్మంలో మంచం వేసుకుని పడుకోవచ్చు."

హాలంతా నవ్వింది. స్కోపల్ కూడా నవ్వాడు, కొంచెం ఆలస్యంగా.

"మేకప్ అండీ. గడ్డం, ముక్కు, అన్నీ అతికించినవే."

"కాళ్ళు కూడా అతికించారా?"

"కెమెరా కింద నుంచి పెడితే మనిషి పొడుగ్గా కనిపిస్తాడు."

"మా ఆయన్ని కూడా ఒకసారి కింద నుంచి తీయండి బాబూ, పుణ్యముంటుంది!"

ఇంకో నవ్వు. మరెచ్కోవా కాగితం మడిచి విప్పుతోంది. వెనక నుంచి ఒక పెద్దాయన, చొక్కా గుండీలన్నీ మెడదాకా పెట్టుకున్నవాడు, లేచాడు. "నాకు ఆ మనిషిని ఎక్కడో చూసినట్టుంది," అన్నాడు నెమ్మదిగా. "పేరు నోటిదాకా వస్తోంది."

నవ్వు ఆగిపోయింది. చాలామంది నోటిదాకా ఆ పేరే వచ్చిందని బ్లజెనా వాళ్ళ మొహాల్లో చూసింది. మరెచ్కోవా నుదుటి మీద చెమట. స్కోపల్ ఆ పేరు చెప్పేస్తే చాలు, పదిహేను అక్షరాలైనా లేని పని. అతను వేదిక అంచుకు వచ్చి, కోటు సర్దుకుని, తల కొంచెం వంచాడు.

"చక్రం ఆపండి," అన్నాడు.

ఆగాడు. వంటగదిలో హంజల్ ఆగినంతసేపే ఆగాడు, ఒక ఊపిరి ఎక్కువ లేదు, తక్కువ లేదు. కోటు పక్కన వేళ్ళు కదలడం బ్లజెనా ఒక్కతే చూసింది.

"ఎవరో పిలుస్తున్నారు."

గొంతు అదే. ఇప్పుడే వాళ్ళను ఏడిపించిన గొంతు. ముందు వరసలో ఆవిడ రుమాలు నోటికి అడ్డం పెట్టుకుంది. "అయ్యో తండ్రీ," అంది. "ఆయనే!" చప్పట్లు మొదలై, చాలాసేపు ఆగలేదు. పెద్దాయన కూర్చున్నాడు, ఇంకా పూర్తిగా నమ్మనట్టు, కానీ చప్పట్లు కొడుతూనే.

తర్వాత బల్ల వేశారు. పోస్టుకార్డులు తెచ్చారు, సినిమా కోసం అచ్చేసినవి, గడ్డంతో హంజల్ బొమ్మ, కింద స్కోపల్ పేరు. వరస గుమ్మం దాటి మెట్ల దాకా వెళ్ళింది. స్కోపల్ ఒక్కొక్క కార్డు ముందుకు లాక్కుని, హంజల్ గడ్డం మీదుగా, కుడి చెంప దాకా, పెద్ద అక్షరాలతో సంతకం చేస్తున్నాడు. ప్రతి ఒక్కరినీ పేరు అడుగుతున్నాడు. అతని మొహం వెలిగిపోతోంది. మొదటిసారిగా ఆ మొహంలో ఏదో కనిపించింది, అది చూశాక బ్లజెనాకు పళ్ళెమే నయమనిపించింది.

ముందు వరసలో కూర్చున్నావిడ తన కార్డు ఆరబెట్టుకుంటూ గోడవారగా వచ్చింది. "మీరు వాళ్ళతో వచ్చారు కదూ? ఆయన గారి ఇల్లాలా?"

"కాదండీ," అంది బ్లజెనా. "నేను స్టూడియోలో పని చేస్తాను."

"అదృష్టవంతులు. ఇలాంటివాళ్ళని రోజూ చూస్తారు."

"చూస్తాను."

"బ్లజెనా!" బల్ల దగ్గర నుంచి స్కోపల్ తల ఎత్తకుండానే చేయి చాచాడు. "సిరా అయిపోయింది. నీ పెన్ను ఇలా ఇవ్వు, తొందరగా. ఇంటికెళ్ళాక సిరా పోసిస్తాలే."

ఆవిడ బ్లజెనా వంక చూసింది, తర్వాత ఆమె వేలి పెళ్ళి ఉంగరం వంక. వరసలో వెనకవాళ్ళు మెడలు సాచి చూస్తున్నారు.

బ్లజెనా చేతిసంచి తెరిచి, పెన్ను వెతికి, మూత తీసి అతని చేతిలో పెట్టింది.